చిన్న రైలు స్టేషన్‌కి వారసులెవరు?

భిలాయి సెక్టర్ 4లో జగన్నాథస్వామి గుడి ఉంది. ఏటా రథయాత్ర నాడు ఒడియా వాళ్లతో కలిసి శ్రీకాకుళం, విజయనగరం, పర్లాకిమిడి వైపు తెలుగువాళ్లు కూడా రథం తాడు పడతారు. సోవియట్ యూనియన్‌తో 1955లో ఒప్పందం కుదిరి ఇక్కడ ఉక్కు కర్మాగారం మొదలయ్యాక, ఉత్తరాంధ్ర పల్లెల నుంచి పని వెతుక్కుంటూ వచ్చి స్థిరపడిన కుటుంబాలు ఇవి. వీళ్లని తెచ్చిన దారి 1931లో పూర్తయిన రాయపూర్–విజయనగరం రైలు మార్గం. టిట్లాగఢ్, రాయగడ, పార్వతీపురం, బొబ్బిలి మీదుగా విజయనగరం చేరి, అక్కడ కలకత్తా వైపు బండి పట్టుకుంటే నౌపడ వస్తుంది. టెక్కలి, పాతపట్నం, పర్లాకిమిడి, గుణుపురం వాళ్లు నౌపడలో దిగి చిన్న రైలెక్కేవాళ్లు. 2004 జూన్‌లో ఆ చిన్న రైలు ఆగిపోయింది. 2010లో అదే దారిన బ్రాడ్‌గేజ్ బండి వచ్చింది.

ఈ సంవాదంలో ఇద్దరు. మావయ్య రైలు మిల్లులో పనిచేసి రిటైరయ్యాడు, సొంతూరు టెక్కలికీ పాతపట్నానికీ మధ్య ఒక పల్లె. మేనకోడలు భిలాయిలోనే పుట్టి పెరిగింది, బడిలో సాంఘిక శాస్త్రం చెబుతుంది. ఊళ్లో కొత్త స్టేషన్ కట్టాక వాడకం లేకుండా పడివున్న పాత స్టేషన్ ఇంటి గురించి ఆమె ఒక అర్జీ రాసింది. వాదన అక్కడ మొదలైంది.

మావయ్య: నీ కాగితం చదివానమ్మా. పాత స్టేషన్‌ని పడగొట్టకుండా కాపాడాలన్నావు. కింద నా సంతకం కావాలన్నావు. నేను పెట్టను.

కోడలు: అదేంటి మావయ్యా? ఆ స్టేషన్‌లో బండెక్కే కదా నువ్వు మొదటిసారి ఇక్కడికొచ్చావు? నువ్వు కాకపోతే ఇంకెవరు పెడతారు?

మావయ్య: ఆ బండెక్కి వచ్చినవాణ్ణి కాబట్టే పెట్టనంటున్నాను. నీకది వేసవి సెలవుల రైలు. కిటికీలోంచి కొండలు చూశావు, తాటిముంజెలు తిన్నావు. మాకది ఆలస్యం, ఇరుకు, నౌపడలో రాత్రంతా పడిగాపులు. ముప్పై ఏళ్ల పైన రైలు మిల్లులో చేశాను నేను. 1960లో మొదలైన మిల్లది. ఈ దేశంలో చాలాకాలం రైలు పట్టా అంటే భిలాయి పట్టాయే. ఎర్రగా కాలిన ఇనుము రోలర్ల మధ్య నలిగి నలిగి పట్టా రూపం తేలి అవతలికొస్తుంటే, ఎంత దూరాన నిలబడ్డా మొహం చుర్రుమనేది. మీటరుకి 52 కిలోల పట్టా, తర్వాత 60 కిలోల పట్టా. పదమూడు మీటర్ల ముక్క ఒక్కటే దాదాపు 780 కిలోలు తూగుతుంది. అలాంటి పట్టా మా ఊరికీ పడాలని కోరుకున్నవాణ్ణి నేను. పడింది. ఇంక పాతదానికి ఏడవడమేటి?

కోడలు: ఏడవమనలేదు, గుర్తుపెట్టుకోమంటున్నాను. పాత పట్టా సన్నగా ఉందని దాన్ని చులకన చేస్తే ఎలా? 1897లో మహారాష్ట్రలో బార్సీ లైట్ రైల్వే తెరిచారు. దాన్ని కట్టిన ఎవరార్డ్ కాల్‌త్రాప్ గజానికి 30 పౌండ్ల పట్టాయే వేశాడు, అంటే మీటరుకి పదిహేను కిలోలు. ఒక్కో ఇరుసు మీద ఐదు టన్నులకి మించి బరువు పడకుండా బండి మొత్తం సమంగా పంచాడు. గేజ్, అంటే పట్టాల మధ్య దూరం, రెండడుగుల ఆరంగుళాలు. పెద్ద లైను వేసే స్తోమత లేని చోట అసలు రైలే లేకుండా పోవాలా అన్న ప్రశ్నకి అతనిచ్చిన జవాబది. మూడేళ్లకి మన పర్లాకిమిడి లైను కూడా అదే గేజ్‌లో పడింది. 1898లో అనుమతి, 1900 ఏప్రిల్ 1న మొదటి బండి. నౌపడ నుంచి పర్లాకిమిడి దాకా పాతిక మైళ్లకి ఏడు లక్షల రూపాయలు. మైలుకి ఇరవై ఎనిమిది వేలు పడింది. బ్రాడ్‌గేజ్ కోసం ఎదురుచూసి ఉంటే మన తాతల కాలానికి రైలు వచ్చేదా?

మావయ్య: వేసినవాడు ఎవరు? పర్లాకిమిడి రాజా గౌరచంద్ర గజపతి. మద్రాసు–కలకత్తా లైను నౌపడ మీదుగా పోయింది, సంస్థానం పక్కన పడిపోయింది. రాజావారికి తన కోట నుంచి ఆ లైను దాకా దారి కావాలి, వేయించుకున్నారు. మన ఊరు మధ్యలో పడింది గనక బండి ఆగింది. మన కోసం వేసింది కాదు.

కోడలు: మొదలు అలాగే అయ్యుండొచ్చు. కానీ లెక్కలు చూడు. మొదటి పదేళ్లూ ఆ లైను నష్టాల్లోనే నడిచింది. 1910 తర్వాత కాస్త లాభం కనిపించింది, 1924–25 నుంచి బాగా పెరిగింది. రాజావారు ఒక్కరు ప్రయాణం చేస్తే వచ్చే లాభం కాదది. టికెట్ కొన్న రైతులు, సంతకెళ్లే ఆడవాళ్లు, నౌపడ ఉప్పు, ఏజెన్సీ సరుకు ఇచ్చిన లాభం. ఆ ధైర్యంతోనే తర్వాతి రాజు కృష్ణచంద్ర గజపతి కాలంలో 1929లో కొంత, 1931లో మిగతాది వేసి గుణుపురం దాకా పొడిగించారు. మొత్తం తొంభై కిలోమీటర్లు. రాజు వేసిన లైనుని జనం తమది చేసుకున్నారు. దీన్ని చరిత్ర అనకపోతే ఇంకేం అంటావు?

మావయ్య: నౌపడ ఉప్పంటున్నావు. ఆ ఉప్పు బస్తాలు మోసినవాళ్లని అడుగు. చిన్న లైను పట్టాల మధ్య దూరం 762 మిల్లీమీటర్లు, పెద్ద లైనుకి 1,676. ఈ పెట్టె ఆ పట్టాలెక్కదు. గుణుపురం నుంచి వచ్చిన ప్రతి బస్తా నౌపడలో దించాలి, పెద్ద వ్యాగన్‌లోకి ఎత్తాలి. పెద్ద లైను మీద వచ్చిన ప్రతి బస్తా మళ్లీ దించాలి, ఎత్తాలి. కూలి రెండింతలు, తరుగు రెండింతలు, వానొస్తే సరుకు తడుపు. లారీ వచ్చాక షావుకారు ఒకసారి ఎత్తి గోదాం ముందే దించుకున్నాడు. ఇంక రైలుకి సరుకెవడిస్తాడు? గేజ్ మారకపోతే ఆ లైను ఎలాగూ చచ్చేది. 1992లో దేశమంతా ఒకే గేజ్ అన్న పథకం పెట్టింది ఊరికే కాదు.

కోడలు: గేజ్ మార్చడం తప్పని నేనెక్కడా రాయలేదు మావయ్యా. కాగితం ఇంకోసారి చదువు. మార్చేటప్పుడు పాతదాని ఆనవాలు ఒక్కటైనా ఉంచమన్నాను, అంతే. ఆ లైను వట్టి సరుకుల లైను కాదు. అది పడ్డప్పుడు నౌపడ, టెక్కలి, పర్లాకిమిడి అన్నీ మద్రాసు ప్రెసిడెన్సీ గంజాం జిల్లాలో ఉండేవి. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా ఏర్పడి పర్లాకిమిడి అటు వెళ్లింది, పాతపట్నం ఇటు మిగిలింది. రెండూ పక్కపక్క ఊళ్లు. అయినా చిన్న రైలు మాత్రం రోజూ సరిహద్దు దాటుతూనే ఉంది. ఇటు తెలుగు, అటు ఒడియా, కొండల మీద సవర. ఒకే పెట్టెలో మూడు భాషలు. గిడుగు రామమూర్తి గారు 1880లో పర్లాకిమిడిలో మాస్టారుగా చేరి, సవర నేర్చుకుని, దానికి వ్యాకరణం రాశారు. అది 1931లో అచ్చయింది. సవరలుండే గుణుపురానికి రైలు చేరింది కూడా ఆ ఏడే. పర్లాకిమిడి ఒరిస్సాలోకి పోవడం ఇష్టంలేక 1936లో ఆయన ఊరే విడిచి రాజమండ్రి వెళ్లిపోయారు. మనుషులు విడిపోయారు, జిల్లాలు విడిపోయాయి, ఆ లైను మాత్రం విడిపోలేదు. ఇంత కథ ఉన్న దారిలో ఒక్క పాత స్టేషన్ నిలబడకూడదా?

మావయ్య: బాగా చెప్పావు, పిల్లలకి కూడా ఇలాగే చెబుతావు కాబోలు. కానీ 2004 తర్వాత ఏమైందో చెప్పవేం? 2002లో శంకుస్థాపన చేశారు, 2004 జూన్‌లో బండి ఆపేశారు. పర్లాకిమిడికి పెద్ద బండి వచ్చింది 2010 ఆగస్టులో. గుణుపురం చేరేసరికి 2011. మధ్యలో ఆరేళ్లు రైలన్నదే లేదు. అప్పటికి మీ అమ్మమ్మ బతికే ఉంది. టెక్కలి ఆసుపత్రికి వెళ్లాలంటే ఆవిడకి రైలే సుఖం. కాళ్లు చాపుకోవచ్చు, నేల మీద కూర్చోవచ్చు. ఆ ఆరేళ్లూ బస్సులో నిలబడి వెళ్లింది, లేకపోతే మానేసింది. నువ్వు కాపాడమంటున్న ఆ స్టేషన్ ఇల్లు ఆ ఆరేళ్లూ అక్కడే ఉందమ్మా. గోడలున్నాయి, పైకప్పుంది, పసుపు బోర్డు మీద ఊరి పేరుంది. మీ అమ్మమ్మకి అది ఏ పనికొచ్చింది? ఊరికి కావలసింది బండి. ఇల్లు కాదు.

కోడలు: ఆ మాట కాదనను. ఆరేళ్లు ఊరు రైలు లేకుండా బతికింది. పని త్వరగా చేయండని గట్టిగా అడగడానికి ఊరికి గొంతు లేకపోయింది. నా బాధ కూడా అదే మావయ్యా. బండి ఆగినప్పుడు ఎంతమంది ఇబ్బంది పడ్డారో ఎక్కడా రాసి లేదు. ఎవరి చదువు ఆగింది, ఎవరి కూరగాయల బేరం పోయింది, ఎవరు ఊరొదిలి వలస పోయారు, ఎవరూ లెక్క తీయలేదు. మొదటి బండి వచ్చిన తేదీ పుస్తకాల్లో ఉంది, ఆగిన తేదీ ఉంది. మధ్యలోని నూట నాలుగేళ్ల మనుషుల లెక్క మాత్రం లేదు. పాత స్టేషన్ నిలబడితే, అడగడానికి ఒక చోటు ఉంటుంది.

మావయ్య: అడగడానికి ఇల్లెందుకు? రాయపూర్ వెళ్లి చూడు. మన ముంగిట్లోనే ఉంది ధమ్‌తరి చిన్న లైను. అదీ 1900లోనే తెరిచారు, అదీ రెండడుగుల ఆరంగుళాల గేజే. రాయపూర్ ఊరి మధ్యలోంచి పోయేది. పట్టాలు పీకి ఆ జాగాలో పెద్ద రోడ్డు వేశారు. 2025 మార్చిలో అభన్‌పూర్‌కి మెమూ బండి మొదలైంది, మందిర్ హసౌద్, నవా రాయపూర్ మీదుగా. ఒక్కడు కూడా పాత స్టేషన్ ఏదని అడగలేదు. బండి వచ్చిందా లేదా అనే అడిగారు.

కోడలు: అడగలేదా, అడిగినా వినలేదా? కొత్త బండి కొత్త దారిన వెళ్తోంది. పాత దారిలో తేలీబాంధా దగ్గర బండెక్కి రోజూ కూలికి, కూరగాయల బజారుకి వచ్చిన ఊళ్లవాళ్లకి ఆ దారిలో ఇప్పుడు రోడ్డే ఉంది. ఇక్కడ మనం చూడాల్సింది అదే. స్టేషన్ పోయినప్పుడు ఇల్లొక్కటే పోదు, ఆ చోట ఆగే హక్కు పోతుంది. బ్రిటన్‌లో 1963లో బీచింగ్ నివేదిక 2,363 స్టేషన్లు మూసేయమంది. నష్టమొస్తోందని లెక్క చూపించారు. మూసిన వాటిలో కొన్నింటిని తర్వాత డబ్బు పోసి మళ్లీ తెరవాల్సి వచ్చింది. కొన్ని చోట్ల ఊళ్లవాళ్లే లైనుని చేతిలోకి తీసుకున్నారు. అంతకు ముందే 1951లో వేల్స్‌లో తాలిలిన్ అనే చిన్న లైనుని వాలంటీర్లు నడపడం మొదలెట్టారు, ఇప్పటికీ నడుపుతున్నారు.

మావయ్య: వాళ్లకి ఆదివారం సెలవుంది, జేబులో డబ్బుంది, చూడ్డానికొచ్చే యాత్రికులున్నారు. మన దగ్గర డార్జిలింగ్ లైనుకి 1999లో ప్రపంచ వారసత్వమన్నారు, నీలగిరికి 2005లో, కాల్కా–సిమ్లాకి 2008లో. అన్నీ చల్లని కొండ ఊళ్లే. మహేంద్రగిరి ఎండలో మన స్టేషన్ చూడ్డానికి ఎవడొస్తాడమ్మా? పైకప్పు కారుతుంది, చెట్టు మొలుస్తుంది, పాములు చేరతాయి. రాత్రిళ్లు తాగుబోతులు కూర్చుంటారు. రెండేళ్లకి పంచాయతీకి అదో తలనొప్పి. ఇంజన్లు చూడాలా? నాగపూర్‌లో 2002 నుంచి నేరోగేజ్ మ్యూజియం ఉంది. పిల్లల్ని తీసుకెళ్లు, మన దుర్గ్‌లో బండెక్కితే అదెంత దూరం?

కోడలు: తీసుకెళ్తాను. కానీ ఇంజన్ని మ్యూజియంలో పెట్టొచ్చు మావయ్యా, స్టేషన్‌ని పెట్టలేం. ఇంజను ఎక్కడున్నా ఇంజనే. స్టేషన్ మాత్రం ఆ ఊరి మట్టి మీద ఉంటేనే స్టేషన్. ఇంక యాత్రికుల మాట నేనన్నానా? ఊరి పిల్లలు సాయంత్రం చదువుకోవడానికి ఒక గది కావాలి. దినపత్రిక, నాలుగు పుస్తకాలు, ఒక లైటు. ఆ గదిలో ఒక గోడ మీద లైను కథ రాస్తే చాలు. పోయినసారి ఊరెళ్లినప్పుడు నేను చూసింది చెబుతాను విను. టికెట్ కిటికీ ఇంకా ఉంది. కింద నల్లరాతి గడప. దాని మధ్యలో అరచేయంత మేర గుంట. దశాబ్దాల తరబడి డబ్బులు అటు జరిపి, టికెట్ ఇటు జరిపి, అరిగిన గుంటది. వేలితో తడిమితే నున్నగా తగులుతుంది, చుట్టూ రాయి గరుకు. మీ అమ్మ చెయ్యి, మా అమ్మ చెయ్యి, నీ చెయ్యి అన్నీ ఆ రాతి మీద పడ్డాయి. దాన్ని బుల్‌డోజర్‌కి ఇచ్చేద్దామా?

మావయ్య: ఆ కిటికీ నాకు తెలుసు. లోపల తేదీ వేసే మిషను ఉండేది. అట్టముక్క టికెట్ పెట్టి తోస్తే టక్కుమని తేదీ గుద్దేది. ఇంగ్లండులో ఎడ్మండ్‌సన్ అనే స్టేషన్ మాస్టర్ ఆ అట్ట టికెట్ కనిపెట్టాడని మా సెక్షన్లో ఒకాయన చెప్పేవాడు. నూట యాభై ఏళ్లు ప్రపంచమంతా అదే టికెట్. ఆ టక్కుమనే చప్పుడు వినగానే ఊరంతా బండి వస్తోందని బయల్దేరేది. అయినా నా ప్రశ్న నాదే కోడలా. ఆ కిటికీకి అటు ఎవరు కూర్చున్నారు, ఇటు ఎవరు నిలబడ్డారు? అటు స్టేషన్ మాస్టర్. ఆయనకి కుర్చీ, టోపీ, గడియారం. నువ్వు ఇంటిని కాపాడితే ఆయన కథ మిగులుతుంది. మా నాన్న కథ ఎక్కడ మిగులుతుంది?

కోడలు: తాతయ్య కథా?

మావయ్య: నీకెవరూ చెప్పినట్టు లేరు. మా నాన్న ఆ లైను మీద గ్యాంగ్‌మన్. తర్వాత కీమన్ అయ్యాడు. తెల్లారకముందే భుజాన సుత్తి, చేతిలో స్పానరు, నడుముకి ఎర్రజెండా. తన బీటు పొడుగునా కిలోమీటర్లు నడిచేవాడు. వదులైన మేకు కొట్టి, ఊడిన బోల్టు బిగించి, మళ్లీ వెనక్కి. ఎండాకాలం పట్టా కాలి, చెప్పులోంచి పాదం బొబ్బలెక్కేది. వానాకాలం రాత్రిళ్లు లాంతరు పట్టుకుని గస్తీ. మహేంద్రతనయ పొంగితే కల్వర్టు కింద మట్టి కోసుకుపోయిందా అని చేత్తో తడిమి చూడాలి. కోసుకుపోతే రైలొచ్చే వైపు పరిగెత్తి, పట్టా మీద పటాకులు కట్టి డ్రైవరుకి తెలిసేలా చేయాలి. ఆయనకి స్టేషన్లో కూర్చునే చోటు లేదు. ఎండలో నీళ్లు తాగడానికి వచ్చి, కుండ దగ్గర నిలబడి, మళ్లీ పట్టాల మీదకి పోయేవాడు. ఆ ఇంటి గోడ మీద ఆయన పేరెక్కడుంది? నాతో పాటు రైలు మిల్లులో చేసినవాళ్ల పేర్లెక్కడున్నాయి? మేం చేసిన పట్టా మీద మిల్లు పేరుంటుంది, ఏడాది ఉంటుంది. మా పేరుండదు. అలాగే ఆ స్టేషన్ మీద ఊరి పేరుంది, మా నాన్న పేరు లేదు. అందుకే నాకా ఇంటి మీద మమకారం రాదు.

కోడలు: ఇది నువ్వు ఇన్నేళ్లలో ఎప్పుడూ చెప్పలేదు మావయ్యా. ఇప్పుడు నా అర్జీలో లోటు ఎక్కడుందో తెలిసింది. నేను ఇంటి గురించి రాశాను, దాన్ని నిలబెట్టినవాళ్ల గురించి రాయలేదు. కానీ ఒక్కటి ఆలోచించు. ఆ ఇల్లు కూడా పోతే తాతయ్య పేరు ఎక్కడ రాస్తాం? కొత్త స్టేషన్ గోడ మీద రాయనిస్తారా? బీటు ఎక్కడి నుంచి ఎక్కడికో చూపించాలంటే కూడా ఒక చోటు కావాలి కదా.

మావయ్య: చోటు కావాలి, ఒప్పుకుంటాను. కానీ ముందు పేర్లు కావాలి. ఆ గ్యాంగులో పన్నెండు మంది పైచిలుకు. నాకు ఎనిమిది మంది పేర్లు గుర్తు. ఏ ఊరివాళ్లో తెలుసు, ఎవరు ఏ పని చేశారో తెలుసు. గేటు దగ్గర ఉండే ముసలాయన, నౌపడలో బస్తాలు మోసిన కూలీల మేస్త్రీ, ఇంజన్లో బొగ్గేసే ఫైర్‌మన్, అందరూ నా కళ్ల ముందే ఉన్నారు. ఇవి ఏ రికార్డులోనూ దొరకవు. రాసుకుంటానంటే చెబుతాను.

కోడలు: రాసుకుంటాను. బడి పిల్లల చేత కూడా రాయిస్తాను. మన సెక్టర్‌లోనే ఆ వైపు వాళ్లు ఎంతమంది! సెక్టర్ 5 బాలాజీ గుడికి వచ్చే పెద్దవాళ్లలో పాతపట్నం, కాశీనగరం, టెంబూరు వాళ్లున్నారు. ఒక్కొక్కరి దగ్గరికి వెళ్లి అడిగితే ఆ లైను పొడుగునా మనుషులు దొరుకుతారు. ఊళ్లో లేని చరిత్ర భిలాయిలో ఉంది.

మావయ్య: అయితే ఇంకో మాట. అర్జీలో మొదటి కోరిక మార్చు. ఇప్పుడు ఆ దారిన విశాఖపట్నం బండి ఉంది, పూరీ బండి ఉంది. బాగానే ఉంది. కానీ పల్లె స్టేషన్‌లో ఆగే బండి పిల్లలకి కాలేజీ వేళకి రావాలి, కూరగాయలు అమ్ముకునేవాళ్లకి సంత వేళకి రావాలి. టికెట్లు సరిగా అమ్ముడుపోలేదని రేపెప్పుడో ఆ ఆగడం తీసేస్తే, నువ్వు గోడ మీద ఏం రాసినా లాభం లేదు. ముందు బండి ఆగాలి, ఊరి వేళకి ఆగాలి. రెండోది పేర్లు. మూడోది ఇల్లు. ఈ వరస ఒప్పుకుంటే సంతకం పెడతాను.

కోడలు: మొదటి రెండూ ఒప్పుకుంటాను. మూడోది మూడో చోట పెట్టడమే కష్టంగా ఉంది మావయ్యా. బండి వేళలు రేపు మార్చొచ్చు, పేర్లు మనం రాస్తాం. ఇల్లు ఒకసారి కూల్చాక మళ్లీ లేవదు. కాబట్టి వరసలో మూడోదైనా, గడువులో అది మొదటిది. అది నిర్ణయమయ్యేదాకా కూల్చవద్దని రాస్తాను. పైకప్పు బాగు చేసి, పంచాయతీకి చదువుగది కోసం అప్పగించమని అడుగుతాను. తాళంచెవి ఎవరి దగ్గరుండాలో, కరెంటు బిల్లు ఎవరు కట్టాలో కూడా రాస్తాను. నువ్వన్న పాములు, తాగుబోతుల మాటకి అదే జవాబు. మనుషులు రోజూ వాడే ఇంట్లోకి అవి రావు.

మావయ్య: బిల్లు సంగతి రాస్తేనే నమ్ముతాను. సరే. ఆ గోడ మీద లైను కథ మొదలెట్టేటప్పుడు గౌరచంద్ర గజపతి పేరు రాయి, తప్పులేదు, డబ్బు పెట్టింది ఆయన. దాని కిందే అదే సైజు అక్షరాలతో గ్యాంగ్ మేస్త్రీ పేరు రాయి, కీమన్ పేరు రాయి. చిన్న అక్షరాలు వద్దు.

కోడలు: అదే సైజులో రాయిస్తాను.

వాదన ఇక్కడితో ముగిసింది, ఇద్దరూ కలిసి అర్జీ తిరగరాశారు. వాళ్లిద్దరి మధ్య తేలిన విషయం వాళ్ల ఊరికే పరిమితం కాదు. ఈ దేశంలో గేజ్ మార్పిడి అవసరమైన పనే. ఉప్పు బస్తాని రెండుసార్లు ఎత్తి దించే రోజులు మళ్లీ రావాలని ఎవరూ కోరుకోరు. కానీ మార్పిడి పేరుతో ఆరేళ్లు బండి లేకుండా చేసినప్పుడు ఊరికి ఎంత నష్టమో లెక్క రాయకపోవడం, నూరేళ్లు లైనుని కాపాడినవాళ్ల పేర్లు ఒక్క చోటా లేకపోవడం, ఇవి అవసరం కొద్దీ జరిగినవి కావు. పట్టించుకోకపోవడం వల్ల జరిగినవి, కాబట్టి సరిదిద్దదగ్గవి. పాత స్టేషన్ అంటే గత వైభవం అనుకుంటే అది కూలిపోయినా ఫర్వాలేదు. దాన్ని పనిచేసినవాళ్ల లెక్కల పుస్తకంగా చూస్తేనే నిలబెట్టడానికి కారణం దొరుకుతుంది.

భిలాయి సెక్టర్లలో, ఖరగ్‌పూర్‌లో, జంషెడ్‌పూర్‌లో, విశాఖలో ఉంటున్న ఉత్తరాంధ్ర కుటుంబాలకి ఒక విన్నపం. మీ ఇంట్లో చిన్న రైలు మీద పనిచేసిన పెద్దవాళ్లుంటే ఈ వారమే పక్కన కూర్చుని, పేర్లు, ఊళ్లు, చేసిన పని రాసుకోండి. పాత పాసు, అట్ట టికెట్, ఫొటో ఏదున్నా దాచి, ఊరి బడికి ఒక నకలు ఇవ్వండి. మీ స్టేషన్‌లో బండి ఏ వేళకి ఆగాలో పంచాయతీ చేత రాయించి రైల్వేకి పంపండి. గోడలకి ఇంకా కొన్నేళ్ల గడువుంది, ఎనభై దాటిన గ్యాంగ్‌మన్‌కి అంత గడువు లేదు. ముందు ఆయన్ని అడగండి.